చూసేవాళ్ళున్నారు కదా, ఏం కాదులే: 'మై లిటిల్ ఐ' మీద ఒక సినిమా పాఠం

స్లాషర్ సినిమా చూస్తున్నప్పుడు మనందరికీ వచ్చే డౌటు ఒకటే. "ఆ ఇంట్లోంచి బయటికి పోవచ్చు కదా?" మాస్క్ వేసుకున్నవాడు కత్తి పట్టుకుని తిరుగుతుంటాడు. హీరోయిన్ వీధి తలుపు వదిలేసి మెట్లెక్కి పైకి పరిగెడుతుంది. మనం హాస్టల్ రూములో ల్యాప్‌టాప్ చుట్టూ కూర్చుని ఆవిడని తిడుతుంటాం. ఈ డౌటుకి నేను చూసినవాటిలో తెలివైన జవాబిచ్చిన సినిమా 'మై లిటిల్ ఐ'. ఇందులో ఎవరినీ కట్టెయ్యలేదు. వెళ్ళాలనుకుంటే తలుపు తీసుకుని వెళ్ళిపోవచ్చు. అయినా ఎవరూ వెళ్ళరు.

ముందు వివరాలు. 2002లో వచ్చిన బ్రిటిష్ సినిమా ఇది. దర్శకుడు మార్క్ ఎవాన్స్, వేల్స్ దేశస్థుడు. రాసింది డేవిడ్ హిల్టన్, జేమ్స్ వాట్కిన్స్. షూటింగ్ చేసింది మాత్రం కెనడాలోని నోవా స్కోషియాలో. తక్కువ బడ్జెట్, ఒకే ఇల్లు, చేతివేళ్ళ మీద లెక్కపెట్టగలిగినంతమంది నటులు, డిజిటల్ వీడియో. స్టార్లు ఎవరూ లేరు, అంటే అప్పటికి లేరు. సగంలో మంచులోంచి ఒక కుర్రాడు నడిచొస్తాడు, ఇప్పుడు చూస్తే "అరే, బ్రాడ్లీ కూపర్!" అంటాం. పేరు 'ఐ స్పై' అనే పిల్లల ఆటలో పాడే మాటల్లోంచి వచ్చింది. మన ఊళ్ళల్లో దాగుడుమూతల్ని ఐస్‌పైస్ అంటాం చూడండి, అది కూడా ఆ 'ఐ స్పై' నుంచే వచ్చిందంటారు. కనిపించినవాడు అవుట్ అవ్వడమే కదా ఆ ఆట.

ఒక హెచ్చరిక. ముగింపు చెప్పకుండా ఈ సినిమాని చదవడం కుదరదు. చూడాలనుకునేవాళ్ళు ఇక్కడ ఆపేసి, చూసొచ్చి మళ్ళీ మొదలెట్టండి. సినిమాలో ఆత్మహత్య ఉంది, హత్యలు ఉన్నాయి, అందరూ చూడగలిగేది కాదు.

కథ చిన్నది. మ్యాట్, ఎమ్మా, చార్లీ, డానీ, రెక్స్ అని ఐదుగురు యువతీయువకులు. ఊరికి దూరంగా అడవిలో ఒక పాత ఇల్లు. ఇంటినిండా కెమెరాలు. అక్కడ ఆరు నెలలు ఉండాలి, అదంతా ఇంటర్నెట్‌లో లైవ్ పోతుంది. ఉంటే 10 లక్షల డాలర్లు. మధ్యలో ఏ ఒక్కరు బయటికి వెళ్ళినా ఐదుగురికీ సున్నా. సినిమా మొదలయ్యేసరికే ఆరు నెలలు దాదాపు అయిపోవచ్చాయి. ఇంకొన్ని రోజులు ఓపిక పడితే చాలు.

ఆ రూల్‌ని ఇంకోసారి చదవండి. మన బ్రాంచి వాళ్ళకి ఇది వెంటనే అర్థమవుతుంది: ఐదు ఇన్‌పుట్‌లున్న ఆండ్ గేట్. ఒక్క ఇన్‌పుట్ సున్నా అయితే అవుట్‌పుట్ సున్నా. మామూలు రియాలిటీ షోలో ఒకడు వెళ్ళిపోతే మిగతావాళ్ళకి పండగ, పోటీ తగ్గుతుంది. ఇక్కడ దానికి పూర్తిగా రివర్స్. ఒకడు వెళ్తానంటే మిగతా నలుగురూ వాడి కాళ్ళు పట్టుకుని ఆపాలి. అంటే కంపెనీ కాపలావాణ్ణి పెట్టాల్సిన పని లేదు, ఒకరికొకరు కాపలా. పైగా రోజులు గడిచేకొద్దీ ఆ కాపలా గట్టిపడుతుంది. మొదటి వారంలో వెళ్ళిపోతే పోయేది ఒక వారం. ఆరో నెలలో వెళ్ళిపోతే ఐదుగురి ఆరేసి నెలలు గంగపాలు. సెమిస్టర్ మధ్యలో కోర్సు మార్చుకుందామా అనుకుని, ఇన్ని అసైన్‌మెంట్లు చేశాక ఇప్పుడెందుకులే అని ఉండిపోయినవాళ్ళకి ఈ లెక్క కొత్త కాదు.

సినిమాలో నాకు అన్నిటికన్నా భయం వేసిన చోటు రక్తం ఉన్న సీన్ కాదు. ఒక ఉత్తరం. సరుకులతో పాటు డానీకి కబురొస్తుంది, వాళ్ళ తాతయ్య చనిపోయాడని. ఇంట్లో ఫోన్ లేదు. అది నిజమా, షో వాళ్ళు పరీక్ష పెడుతున్నారా? తెలుసుకునే దారి ఒక్కటే, బయటికి వెళ్ళడం. బయటికి వెళ్తే ఆట అయిపోతుంది. ఎవరు పంపారో, నిజమో కాదో చెక్ చేసే వీలులేని మెసేజ్ అన్నమాట. మిగతావాళ్ళు "ఇది వాళ్ళ ట్రిక్కురా" అంటారు. అనక ఏం చేస్తారు? ట్రిక్కే అయితే అందరికీ లాభం. ఇక్కడ గమనించాల్సింది, వాళ్ళేమీ చెడ్డవాళ్ళు కాదు. కానీ స్నేహితుడి దుఃఖం నిజమని ఒప్పుకోవాలంటే ఒక్కొక్కరు తమ వాటా వదులుకోవాలి. ఆ ధర ఆ రూల్‌లో ముందే రాసి ఉంది. డానీ ఉండిపోతాడు. ఆ తర్వాత సరుకుల్లో తుపాకీ కూడా వస్తుంది. తిండి పంపించే చేతులే తుపాకీ పంపించాయి, దాన్ని కూడా వీళ్ళు "షో కోసం" అనే ఖాతాలో వేసుకుంటారు.

డానీ ముందు చనిపోతాడు. ఎవరూ పొడవలేదు. తను చెక్కి ఇచ్చిన చిన్న బహుమతి గురించి ఎమ్మా, చార్లీ నవ్వుకుంటుంటే వింటాడు, పొద్దున్నకల్లా మెట్ల దగ్గర ఉరి వేసుకుని కనిపిస్తాడు. స్లాషర్ లెక్కల ప్రకారం మొదటి శవం అంటే హంతకుడి ఎంట్రీ. ఇక్కడ హంతకుడు ఇంకా చెయ్యి కూడా ఎత్తలేదు, ఉన్న నియమాలే ఆ పని చేసేశాయి. పోటీని ప్రాణాంతకం చెయ్యడానికి కత్తి అక్కర్లేదని సినిమా మొదటి గంటలోనే చూపించేసింది. తర్వాత వచ్చే ప్లాస్టిక్ సంచి, గొడ్డలి అన్నీ దీని ముందు నాకు కొంచెం చిన్నగానే అనిపించాయి.

ఇప్పుడు కెమెరా సంగతి. స్లాషర్‌కి కెమెరాతో పాత చుట్టరికం ఉంది. 1960లో మైఖేల్ పావెల్ తీసిన 'పీపింగ్ టామ్'లో హంతకుడు సినిమా స్టూడియోలో కెమెరా డిపార్ట్‌మెంట్‌లో పనిచేసేవాడు. ట్రైపాడ్ కాలికి కత్తి ఉంటుంది. చంపుతూ ఆ మనిషి ముఖంలోని భయాన్ని షూట్ చేస్తాడు. అప్పటి బ్రిటిష్ విమర్శకులు ఆ సినిమాని ఎంత ఉతికి ఆరేశారంటే పావెల్ కెరీరే దెబ్బతింది. 1978లో జాన్ కార్పెంటర్ 'హాలోవీన్' మొదటి సీన్ మొత్తం హంతకుడి కళ్ళలోంచి చూపించాడు. మాస్క్ తీస్తే ఆరేళ్ళ పిల్లాడు. అప్పట్నుంచి ఈ జానర్‌లో కెమెరా కాసేపు హంతకుడిది, కాసేపు బాధితురాలిది, మిగతా టైమంతా ఎవరిదీ కాదు. 'ఎవరిదీ కాని' ఆ కెమెరాని మనం అసలు పట్టించుకోం. సినిమా అంటే అలాగే ఉంటుంది కదా అనుకుంటాం.

'మై లిటిల్ ఐ'లో ఎవరిదీ కాని షాట్ అంటూ లేదు. దాదాపు ప్రతి షాట్ ఆ ఇంట్లో బిగించిన కెమెరా నుంచి వస్తున్నట్టే ఉంటుంది. గది మూలల్లోంచి, పైకప్పు నుంచి, చీకట్లో ఆకుపచ్చ నైట్ విజన్‌లో. మనిషి కదిలితే కెమెరా తల తిప్పుతుంది, అప్పుడు చిన్న మోటార్ చప్పుడు, జూమ్ అయితే ఇంకో చప్పుడు. ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని చూడండి, ఆ చప్పుడు పాటలా వెంటాడుతుంది. మామూలు సినిమాలో క్లోజప్ వస్తే "దర్శకుడు ఎమోషన్ చూపిస్తున్నాడు" అనుకుంటాం. ఇక్కడ ఎమ్మా ఒంటరిగా కూర్చుంటే కెమెరా మెల్లగా జూమ్ అవుతుంది, చప్పుడు వినిపిస్తుంది, మనకి ఒళ్ళు జలదరిస్తుంది. ఎందుకంటే జూమ్ దానంతటది అవ్వదు. ఎక్కడో ఒకడు కూర్చుని ఈ అమ్మాయి మొహం దగ్గరగా చూడాలనుకున్నాడు. ఎవడు వాడు? దెయ్యం లేదు, మాస్క్ లేదు, ఒక జూమ్ చప్పుడుతో భయపెట్టడం అంటే ఇదే.

షార్ట్ ఫిల్మ్ తీసేవాళ్ళకి నేను ప్రత్యేకంగా చెప్పాలనుకున్నది కూడా ఈ ముక్కే. తక్కువ బడ్జెట్ సినిమాలో వీడియో క్వాలిటీ బాగోదు, లైటింగ్ ఉండదు, యాంగిల్ వంకరగా ఉంటుంది. చాలామంది దాన్ని దాచడానికి కష్టపడతారు, కలర్ గ్రేడింగ్ అంటారు, డ్రోన్ షాట్ కోసం అప్పు చేస్తారు. ఎవాన్స్ టీమ్ మాత్రం ఆ మసక బొమ్మకి కథలోనే ఉద్యోగం ఇచ్చేసింది. నిఘా కెమెరా బొమ్మ మసగ్గా లేకపోతేనే అనుమానం. 1999లో 'బ్లెయిర్ విచ్ ప్రాజెక్ట్' చేతికెమెరాతో ఇదే పని చేసింది, కాకపోతే అక్కడ కెమెరా బాధితుల చేతిలో ఉంది. ఇక్కడ వాళ్ళ చేతికి అందనంత ఎత్తులో ఉంది. ఆ ఒక్క మార్పుతో భయం మొత్తం దిశ మార్చుకుంది. సరిగ్గా ఇదే 2002లో హాలీవుడ్ నుంచి 'హాలోవీన్: రిసరక్షన్' వచ్చింది, మైఖేల్ మైయర్స్ ఇంట్లో వెబ్‌కాస్ట్ రియాలిటీ షో అనే ఐడియాతో. డబ్బుంది, పేరుంది, బస్టా రైమ్స్ కూడా ఉన్నాడు. కానీ అందులో వెబ్‌క్యామ్‌లు మధ్యమధ్యలో కనిపించే డెకరేషన్. తీసేసినా కథ నడుస్తుంది.

సరే, మంచులోంచి వచ్చిన కుర్రాడి దగ్గరికి వద్దాం. పేరు ట్రావిస్. దారి తప్పానంటాడు. ఒక రాత్రి ఉంటాడు. ఇంటర్నెట్ మీద పనిచేసే ప్రోగ్రామర్‌నని చెప్తాడు, కానీ వీళ్ళెవరో తెలీదంటాడు. ఈ ఒక్క మాటతో ఐదుగురి కాళ్ళ కింద నేల కదులుతుంది. ఆరు నెలలుగా వాళ్ళు ఒక నమ్మకం మీద బతుకుతున్నారు, లక్షలమంది చూస్తున్నారని. ఆ నమ్మకంలో పేరు వస్తుందన్న ఆశ ఒక్కటే కాదు, అది వాళ్ళ ధైర్యం కూడా. ఇంతమంది చూస్తుండగా మనకేం అవుతుంది, ఏదైనా తేడా జరిగితే ఎవరో ఒకరు పోలీసులకి ఫోన్ చెయ్యరా?

మనం కూడా అదే నమ్మకం మీద నడుస్తున్నాం. 'మీరు సీసీ కెమెరా నిఘాలో ఉన్నారు' అనే బోర్డు కాలనీ గేటు దగ్గర, ఏటీఎం దగ్గర, మన బ్లాకు మెట్ల దగ్గర ఉంటుంది. రాత్రి ల్యాబ్ నుంచి నడిచొస్తుంటే కెమెరా ఉన్న దారిలో రమ్మని ఇంట్లోవాళ్ళు చెప్తారు. చాలాసార్లు అది నిజంగానే పనికొస్తుంది, నేను కాదనను. కానీ ఆ ధైర్యం వెనకాల ఒక షరతు ఉంది, స్క్రీన్ ముందు కూర్చున్నవాడు మన మంచి కోరేవాడై ఉండాలి. బోర్డు మీద ఆ షరతు రాయరు. సినిమా చేసిన పనల్లా ఆ షరతుని పీకెయ్యడమే.

రెక్స్ ఈ ఐదుగురిలో కంప్యూటర్ తెలిసినవాడు, నోటి దురద ఎక్కువ, మన క్లాసులో ఇలాంటివాడు ఖచ్చితంగా ఒకడుంటాడు. ట్రావిస్ వదిలేసి వెళ్ళిన పరికరంతో ఎలాగోలా నెట్‌లోకి వెళ్ళి తమ సైట్ వెతుకుతాడు. మామూలుగా వెతికితే అసలు దొరకదు. దొరికింది పాస్‌వర్డ్‌ల వెనక దాచిన సైట్, సామాన్యుడు కట్టలేని రుసుము, లోపల వీళ్ళ ఫోటోలు, పక్కన పందేల అంకెలు. లక్షలమంది లేరు. కొద్దిమందే ఉన్నారు, వాళ్ళు డబ్బు కట్టింది వీళ్ళు గెలవడం చూడటానికి కాదు. ఆ తర్వాతి భాగం వేగంగా జరిగిపోతుంది. మ్యాట్ కంపెనీ మనిషని తేలుతుంది. చార్లీ, రెక్స్ పోతారు. ట్రావిస్ పోలీసు యూనిఫాంలో తిరిగొస్తాడు, పని అయ్యాక మ్యాట్‌నీ కాల్చేస్తాడు.

ఇక్కడే ఈ సినిమాకీ, ఇదే దారిలో వచ్చిన మిగతావాటికీ తేడా చెప్పాలి. 1970 అక్టోబర్‌లో పశ్చిమ జర్మనీ టీవీలో 'దస్ మిలియోనెన్‌ష్పీల్' అని ఒక సినిమా ప్రసారమైంది. రాబర్ట్ షెక్లీ కథ దానికి ఆధారం. ఒక మనిషిని ఏడు రోజులపాటు హంతకులు తరుముతారు, బతికితే 10 లక్షల మార్కులు. దాన్ని నిజమైన టీవీ షోలాగా తీశారు, నిజమైన టీవీ యాంకర్‌నే యాంకర్‌గా పెట్టారు. కొంతమంది ప్రేక్షకులు నిజం షో అనుకున్నారు. వాళ్ళలో కొందరు మేమూ పాల్గొంటామని ఛానల్‌ని అడిగారు! 'బిగ్ బ్రదర్' నెదర్లాండ్స్‌లో మొదలైంది 1999లో, అంటే దానికి 29 ఏళ్ళ ముందే ఈ సంగతి. 2001లో కెనడాలో మారిస్ డెవెరో 'స్లాషర్స్' తీశాడు, ఇదైతే పేరులోనే ఉంది. జపాన్ టీవీ షో, వేషాలేసుకున్న హంతకులు, తప్పించుకున్నవాళ్ళకి డబ్బు. నటన నాటకాల పోటీ స్థాయిలో ఉంటుంది, సెట్ అట్టముక్కల్లా ఉంటుంది. కానీ అందులో ఒక ఐడియా బంగారం: కమర్షియల్ బ్రేక్ గంట మోగితే అందరూ ఎక్కడివాళ్ళక్కడ ఆగిపోవాలి. హంతకుడు, వాడి ముందు నిలబడ్డ అమ్మాయి, ఇద్దరూ యాడ్ అయ్యేదాకా ఊపిరి పీల్చుకుంటూ వెయిట్ చేస్తారు. చంపేది ఎవడి కోసమో అంత సూటిగా చెప్పిన సీన్ ఖరీదైన సినిమాల్లో నాకు కనపడలేదు. అదే 2001లో వచ్చిన అమెరికన్ సినిమా 'సిరీస్ 7'లో పోటీదారుల్ని లాటరీ తీసి లాక్కొస్తారు, ఇష్టం ఉందా లేదా అని అడగరు.

ఈ మూడింటిలో చంపడం బహిరంగం. 'స్లాషర్స్'లో వచ్చినవాళ్ళకి చావొచ్చని తెలుసు, 'సిరీస్ 7'లో దేశానికే తెలుసు. 'మై లిటిల్ ఐ' ఐదుగురికి మాత్రం తాము సంతకం చేసిన ఆట వేరు, నడుస్తున్న ఆట వేరు. వాళ్ళు ఒప్పుకున్నారా అంటే ఒప్పుకున్నారు. దేనికి ఒప్పుకున్నారు? చివరిదాకా స్క్రోల్ చెయ్యకుండా 'ఐ అగ్రీ' నొక్కే మనకి ఈ ప్రశ్న సినిమాలో ఉన్నంత దూరంగా ఉండదు. అందుకే నా ఓటు దీనికి.

మనకీ ఈ ఫార్మాట్ 2017లో వచ్చింది, స్టార్ మాలో ఎన్టీఆర్ హోస్ట్‌గా 'బిగ్ బాస్'. నామినేషన్లు, కన్ఫెషన్ రూమ్, టాస్క్‌లు, ఇప్పుడు మన హాస్టల్లో మెస్ కమిటీ గొడవకి కూడా ఈ మాటలే వాడుతున్నాం. ఆ షోకీ ఈ సినిమాకీ పోలిక పెట్టి తిట్టడం నా ఉద్దేశం కాదు, అక్కడ డాక్టర్ ఉంటాడు, రూల్స్ అందరికీ తెలుసు. కానీ ఒకటి చెప్పాలి. 1997లో స్వీడన్‌లో 'ఎక్స్‌పెడిషన్ రాబిన్సన్' అనే దీవి షో తీశారు, తర్వాత వచ్చిన 'సర్వైవర్'కి అదే అన్న. అందులో మొదట ఎలిమినేట్ అయిన మనిషి, ప్రసారం మొదలవ్వకముందే ఆత్మహత్య చేసుకున్నాడు. కారణం షోయేనా అని ఇక్కడ కూర్చుని నేను తేల్చలేను. 'ఎలిమినేట్' అనే మాటని మాత్రం అప్పట్నుంచి ప్రతి దేశంలోనూ ప్రతి వారం వాడుతూనే ఉన్నారు.

సినిమాలో లోపాలు లేవా అంటే బోలెడు. మొదటి అరగంట నడక బాగా నెమ్మది. చార్లీ 'బోల్డ్ అమ్మాయి', ఎమ్మా 'మంచి అమ్మాయి', ఇంతకుమించి రాసినవాళ్ళు వాళ్ళకేమీ ఇవ్వలేదు. ఈ జానర్‌లో చివరిదాకా మిగిలే అమ్మాయిని 'ఫైనల్ గర్ల్' అంటారు, కేరల్ క్లోవర్ అనే అమెరికన్ ప్రొఫెసర్ 1987లో పెట్టిన పేరది. ఆ అమ్మాయి జాగ్రత్తగా ఉంటుంది, కళ్ళు తెరుచుకుని చూస్తుంది, చివర్లో ఆయుధం పట్టుకుని తిరగబడుతుంది. ఎమ్మా కూడా చూస్తూనే ఉంటుంది, అనుమానపడుతూనే ఉంటుంది. కానీ క్లోవర్ చెప్పిన అమ్మాయి హంతకుణ్ణి చూసి గెలుస్తుంది. ఎమ్మాకి చూడాల్సిన మనిషి ఆ ఇంట్లో లేడు, ఎక్కడో లాగిన్ అయి ఉన్నాడు. తిరగబడటానికి ఎదురుగా గోడ మీద లెన్స్ తప్ప ఏమీ లేదు.

రెండోసారి చూసేవాళ్ళకి ఒక ఎక్సర్‌సైజ్. కథ వదిలెయ్యండి, మ్యాట్‌ని ఒక్కణ్ణే చూడండి. ఎవరైనా "వెళ్ళిపోదాం" అన్నప్పుడల్లా అతను ఏమంటున్నాడు, ఎంత మెత్తగా అంటున్నాడు, ఒక నోట్‌బుక్‌లో రాసుకోండి. ఆ తర్వాత చివరి నిమిషాల్లో సౌండ్ పెంచండి. ఎమ్మా ఒక గదిలో బందీ, ఇంకా బతికే ఉంది. కెమెరాలు ఒకటొకటిగా ఆఫ్ అవుతుంటాయి. సినిమా అంతా ఆ కెమెరాలు ఎప్పుడు కళ్ళు మూసుకుంటాయా అని ఎదురుచూసిన మనం, ఇప్పుడు ఒక్కటైనా ఆన్‌లో ఉంటే బాగుండు అనుకుంటాం.